ఆరింటికి ఆరూ ఓడినాం, అయితే?

ముందే ఒప్పుకుంటే మంచిది. ఈ ఏడాది మన కాలేజీ కబడ్డీ జట్టు ఆరు మ్యాచ్‌లు ఆడింది, ఆరూ ఓడింది. ఆ జట్టులో నేను రైట్ కవర్‌ని. కాబట్టి ఇది ఏ పక్షమూ లేని మనిషి రాసిన వ్యాసం అనుకోకండి. చెక్కుకుపోయిన మోకాళ్లు ఇంకా పూర్తిగా మానని మనిషి రాస్తున్నాడు.

ఆరో మ్యాచ్ అయిపోయిన సాయంత్రమే క్లాస్ వాట్సాప్ గ్రూపులో ఒకడు పెట్టాడు: "ఓడేదానికి జెర్సీలు ఎందుకప్పా?" దాని కింద నలభై దాకా నవ్వు ఎమోజీలు పడ్డాయి. నిజం చెప్పాలంటే నేనూ నవ్వాను. బాగానే అన్నాడు. కానీ పది రోజుల తర్వాత అదే మాట కాస్త ఇస్త్రీ చేసుకుని స్పోర్ట్స్ కమిటీ ముందుకు వచ్చింది. వచ్చే ఏడాది కబడ్డీ జట్టును పంపకుండా, ఆ డబ్బు టెక్ ఫెస్ట్‌కు కలిపితే ఎలా ఉంటుంది అని. ఈ నెలాఖరులోపు తేలుస్తారట. అప్పుడు మాత్రం నాకు నవ్వు రాలేదు.

ఓడిపోయే జట్ల గురించి నాకు ఈ మధ్య అవసరానికి మించి తెలుసు. దానికి కారణం మా పెదనాయన కొడుకు. మాది సోమందేపల్లి, పెనుకొండ దాటి హైవే మీద బెంగళూరు వైపు వస్తే తగులుతుంది. మాతో పాటే మగ్గం చప్పుడు వింటూ పెరిగిన మా అన్న 2023లో ఎమ్మెస్ చేయడానికి అమెరికాలోని ఒహాయో రాష్ట్రం, కెంట్ స్టేట్ యూనివర్సిటీకి పోయాడు. అక్కడ కాలేజీ ఫుట్‌బాల్ అంటే పండగ. అయితే అది మనం అనుకునే ఫుట్‌బాల్ కాదు. రెండు కొసలా మొనదేలిన బంతిని చంకలో ఇరికించుకుని పరిగెత్తే ఆట. (ఆ ఆటకు మన దేశంలోనూ 2012లో ఒక లీగ్ నడిచిందని, హైదరాబాద్‌కు స్కైకింగ్స్ అని జట్టు కూడా ఉండేదని మీలో ఎంతమందికి తెలుసు? నాకు పోయినేడాది దాకా తెలీదు.)

"మన కబడ్డీ లాంటిదే రా, పట్టుకుంటే పడిపోవాల, గీత దాటితే పాయింట్లు" అని అన్న ఒక్క వాక్యంలో తేల్చేశాడు. ఇంకొంచెం వివరంగా చెప్పాలంటే, నాలుగు ప్రయత్నాల్లో పది గజాలు ముందుకు పోవాలి. పోతే మళ్లీ నాలుగు ప్రయత్నాలు ఇస్తారు, పోకపోతే సాధారణంగా బంతి అవతలి వాళ్ల చేతికి వెళ్తుంది. చివరి గీత దాటిస్తే ఆరు పాయింట్లు. ఈ మాత్రం అర్థమయ్యేసరికి మా అన్నకు తన యూనివర్సిటీ జట్టు ఎలాంటిదో కూడా అర్థమైంది. వాడు అక్కడ చేరిన ఆ సీజన్‌లో వాళ్లు 12 మ్యాచ్‌లలో ఒక్కటి గెలిచారు. ఆ తర్వాతి సీజన్ దానికంటే ఘోరం.

2024 సెప్టెంబర్ 15, ఆదివారం తెల్లవారుజాము. అక్కడ ఇంకా శనివారం రాత్రే. మా వీధి పిల్లోళ్లు కొందరు అనంతపురం ఆర్డీటీ స్టేడియంలో జరుగుతున్న దులీప్ ట్రోఫీకి పోవడానికి తయారవుతున్నారు. నేనేమో వసారాలో కూర్చుని అన్న పంపే స్కోర్లు చూస్తున్నా. కెంట్ స్టేట్ జట్టు టెనెసీ యూనివర్సిటీ మీద, వాళ్ల ఊళ్లోనే ఆడుతోంది. మొదటి క్వార్టర్ అయ్యేసరికి 37-0. సగం ఆటకు 65-0. అన్న తప్పు టైప్ చేశాడేమో అనుకున్నా. చివరికి 71-0.

"ఎవురు గెలిచినారు రా?" అంది అవ్వ, కళ్లాపి చల్లి లోపలికి వస్తూ.

"అన్నోళ్ల కాలేజీ ఓడిపోయింది అవ్వా. డెబ్బై ఒకటికి సున్నా."

అవ్వ కొంచెంసేపు ఆలోచించి, "అయితే మనోళ్లు ఆడలేదా?" అంది.

వారం తిరక్కుండా పెన్ స్టేట్ మీద 56-0. సీజన్ ముగిసేసరికి 12 మ్యాచ్‌లు, 12 ఓటములు. ఇంతకీ ఆ స్కోర్లు చూసి నేను అడిగిన ప్రశ్న, మీరూ అడిగేదే: అంత తేడా ఉన్నప్పుడు ఆ పెద్ద జట్లతో అసలు ఎందుకు ఆడాలి? అన్న చెప్పిన జవాబు విని నాకు ఆట మీద కంటే లెక్కల మీద ఆసక్తి పుట్టింది. అక్కడ పెద్ద యూనివర్సిటీలు చిన్న యూనివర్సిటీలను డబ్బిచ్చి పిలుస్తాయి. వచ్చి ఆడిపోతే చాలు, పది లక్షల డాలర్లు దాటిన మొత్తాలు ముట్టడం మామూలే. పెద్ద జట్టుకు సొంత ఊళ్లో ఒక గెలుపు, నిండిన స్టేడియం. చిన్న కాలేజీకి క్రీడల బడ్జెట్ గట్టెక్కుతుంది. మరుసటి ఏడాది 2025లో కూడా కెంట్ స్టేట్ షెడ్యూలులో టెక్సస్ టెక్, ఫ్లోరిడా స్టేట్, ఓక్లహోమా ఉన్నాయి. అన్నీ కొండలే.

అంటే ఆ ఓటముల్లో కొన్ని మైదానంలో జరిగినవి కావు. ఏడాదో రెండేళ్లో ముందు, ఎవరో ఇద్దరు ఆఫీసర్లు ఒక కాగితం మీద సంతకం పెట్టినప్పుడే జరిగిపోయాయి. దెబ్బలు తిన్నది మాత్రం ఆ కాగితం ఎప్పుడూ చూడని ఇరవై ఏళ్ల కుర్రాళ్లు. అన్నీ అలాంటివే అని అనను. టెనెసీ మ్యాచ్‌కు ముందు వారం, తమకంటే కింది స్థాయిలో ఆడే సెయింట్ ఫ్రాన్సిస్ అనే చిన్న కాలేజీ చేతిలో సొంత మైదానంలోనే 23-17తో ఓడారు. దానికి ఏ కాగితమూ సాకు కాదు.

కాగితం మీద ఓటమి అంటే ఇంకా పాత కథ ఒకటుంది. మన సీనియర్లు ఎమ్మెస్‌కు అప్లై చేసే జాబితాల్లో పైన కనిపించే జార్జియా టెక్‌ది. 1916 అక్టోబర్ 7న జార్జియా టెక్ జట్టు కంబర్లాండ్ కాలేజీని 222-0తో ఓడించింది. అంకె సరిగానే చదివారు, రెండు వందల ఇరవై రెండు. అమెరికా కాలేజీ ఫుట్‌బాల్‌లో ఇప్పటికీ అదే రికార్డు. అందరికీ ఆ స్కోరే గుర్తు. కానీ కంబర్లాండ్ అప్పటికే తన ఫుట్‌బాల్ జట్టును ఎత్తేసింది. ఒప్పందం ప్రకారం మ్యాచ్‌కు రాకపోతే 3,000 డాలర్లు జరిమానా. ఆ రోజుల్లో అది చిన్న కాలేజీని ముంచేసే డబ్బు. అందుకని పద్నాలుగు పదిహేను మంది విద్యార్థులను పోగేసి రైలెక్కించారు. ఆ పిల్లలు 222 పాయింట్లు ఇచ్చుకుని కాలేజీకి 3,000 డాలర్లు మిగిల్చారు. నా దృష్టిలో ఆ రోజు మైదానంలో కాస్తయినా అర్థమున్న పని చేసింది వాళ్లే.

సరే, మన కాగితం సంగతి చూద్దాం. మనల్నెవరూ డబ్బిచ్చి పిలవరు. మన కాగితం ఇంకా చిన్నది. బస్సు టైమ్ టేబుల్.

మా పన్నెండు మందిలో ఎనిమిది మంది డే స్కాలర్లం. సోమందేపల్లి, పెనుకొండ, ధర్మవరం, గోరంట్ల, లేపాక్షి వైపుల నుంచి వచ్చేవాళ్లం. చివరి పీరియడ్ 4:20కి అయిపోతుంది. కాలేజీ బస్సులు 4:40కి కదులుతాయి. మధ్యలో ఉన్నది ఇరవై నిమిషాలు. అందులో ల్యాబ్ రికార్డు సంతకం, బ్యాగు సర్దుకోవడం, బస్సులో సీటు పట్టుకోవడం. బస్సు వదిలేస్తే హిందూపురం బస్టాండుకు ఆటో, అక్కడ నుంచి ఆర్టీసీ. ఇంటికి చేరేసరికి రాత్రి. వారానికి మూడు రోజులు అలా చేస్తే ఛార్జీల సంగతి అటుంచి, ఇంట్లో నాయన అడిగే ప్రశ్నకు జవాబుండదు. మగ్గం దగ్గర రెండో మనిషి కావాల్సిన సాయంత్రాలు మా ఇంట్లో చాలా ఉంటాయి.

పొద్దున్నే రావొచ్చు కదా అని మీరనొచ్చు. పొద్దున కూడా అదే బస్సు. అది కాలేజీ గేటులోకి వచ్చేది బెల్లుకు పది నిమిషాల ముందు.

నాకు నోట్‌బుక్‌లో లెక్క రాసుకునే అలవాటు ఉంది కాబట్టి చెప్తున్నా. టోర్నమెంట్‌కు ముందు మేం గ్రౌండులోకి దిగింది మొత్తం పదకొండు రోజులు. అందులో పన్నెండు మందీ ఉన్నది మూడే రోజులు. మిగతా రోజుల్లో రైడర్లు ఉంటే కార్నర్లు లేరు, కార్నర్లు ఉంటే నేను లేను. హాస్టల్ వాళ్లు నలుగురూ ఒకరినొకరు పట్టుకుని, వదిలి, మళ్లీ పట్టుకుని విసిగిపోయారు. మన పీడీ సార్ పాపం విజిల్ మెడలో వేసుకుని గేటు వైపు చూస్తూ నిలబడటం నేనే బస్సు కిటికీలోంచి రెండు మూడుసార్లు చూశా. ఆయన చేతులెత్తడు, నేను తల దించుకుంటా. బస్సు పోతుంది.

మట్టి సంగతి ఇంకొకటి. మేం ప్రాక్టీసు చేసింది మట్టిలో. మ్యాచ్‌లు జరిగింది మ్యాట్ మీద. మట్టిలో కాలు జారుతుంది, ఆ జారుడును లెక్కేసుకునే దూకుతాం. మ్యాట్ మీద కాలు అతుక్కుంటుంది. మాలో ముగ్గురు జీవితంలో మొదటిసారి మ్యాట్ ఎక్కింది మొదటి మ్యాచ్‌లోనే. మొదటి మ్యాచ్‌లో 14-47తో ఓడాం. మ్యాట్ షూలు ఐదు జతలే ఉన్నాయి, ఆడేది ఏడుగురు. సబ్‌స్టిట్యూషన్ అంటే మా దగ్గర మనిషితో పాటు షూలు కూడా మారడం. అవతలి జట్టువాళ్లు మొదట నవ్వారు. తర్వాత వాళ్లలో ఒకడు తన స్పేర్ జత తెచ్చి ఇచ్చాడు. పేరు అడగడం మర్చిపోయా.

ఇదంతా రాసి "మా తప్పేం లేదు" అంటే అది అబద్ధం. నాలుగో మ్యాచ్ గురించి చెప్తాను. 28-28. చివరి రైడు వాళ్లది. టైము అయిపోతోంది, వాళ్ల రైడర్‌కు కూడా డ్రాతో పోతే చాలన్నట్టుంది, గీత దగ్గరే తచ్చాడుతున్నాడు. మేం చేయాల్సింది చేతులు పట్టుకుని వెనక్కి నిలబడటమే. నాకేమనిపించిందో తెలీదు, చైన్ వదిలేసి వాడి చీలమండ మీదికి దూకా. వాడు నా భుజం తాకి వెళ్లిపోయాడు. 28-29. ఆ పాయింటు నాది. ఏ బస్సుదీ కాదు. అయితే ఒకటి మాత్రం అనిపిస్తుంది. నా పక్కన ఉన్న రైట్ కార్నర్ ధర్మవరం రూటు, నేను సోమందేపల్లి రూటు. మేమిద్దరం కలిసి ప్రాక్టీసు చేసింది ఆ మూడు రోజులే. వాడు ఎప్పుడు కదుల్తాడో నాకు తెలీదు, నేను ఎప్పుడు దూకుతానో వాడికి తెలీదు. డిఫెన్స్ అంటే తెలిసి ఉండటమే కదా.

"మంచి ప్లేయర్లు లేరు, అంతే" అనే వాళ్లు కూడా ఉన్నారు. వాళ్లు తెలుగు టైటాన్స్‌ను ఒకసారి గుర్తు చేసుకోవాలి. ప్రో కబడ్డీ ఎనిమిదో సీజన్‌లో 22 మ్యాచ్‌లలో ఒక్క గెలుపు. తొమ్మిదో సీజన్‌లో రెండు. అప్పుడు పదో సీజన్‌కు పవన్ సెహ్రావత్‌ను 2 కోట్ల 60 లక్షలకు కొన్నారు. లీగ్ చరిత్రలో అప్పటికి అదే పెద్ద రేటు. ఎన్ని గెలిచారు? మళ్లీ రెండే. పదకొండో సీజన్‌లో 12 గెలిచారు, అదీ పవన్ గాయంతో కొన్ని మ్యాచ్‌లకు దూరంగా ఉండి కూడా. ఏడుగురూ ఆడటం మొదలుపెట్టారు, నేను చూసినంతలో తేడా అదే. మా రైడర్ ఒకడున్నాడు, ఫస్టియర్, ఊళ్ల జాతరల్లో కబడ్డీ ఆడి బహుమతి డబ్బులు తెచ్చుకున్నవాడు. వాడు ఏ జట్టులోనైనా ఆడగలడు. కానీ వాడొక్కడు ఏం చేస్తాడు, పాయింటు తెచ్చి వెనక్కి తిరిగేసరికి ఇక్కడ మేం నలుగురం బయట కూర్చుని ఉంటే?

"మనం వచ్చింది చదువుకోవడానికి" అనే వాదన అన్నిటికంటే గౌరవంగా వినిపిస్తుంది. అందుకే దానికి చదువుల కాలేజీతోనే జవాబు చెప్తాను. కాల్‌టెక్ పేరు విననివాళ్లు మనలో ఉండరు. నోబెల్ బహుమతుల లెక్క వేరే చెప్పక్కర్లేదు. ఆ కాల్‌టెక్ బాస్కెట్‌బాల్ జట్టు 1996 నుంచి 2007 జనవరి దాకా తన డివిజన్ కాలేజీలతో ఆడిన 207 మ్యాచ్‌లు వరసగా ఓడింది. సొంత కాన్ఫరెన్స్‌లో అయితే 1985 నుంచి 26 ఏళ్ల పాటు 310 మ్యాచ్‌లు ఓడి, 2011 ఫిబ్రవరి 22న ఆక్సిడెంటల్ కాలేజీ మీద 46-45తో గెలిచింది. గెలిపించిన ఆఖరి ఫ్రీ త్రో వేసింది ర్యాన్ ఎల్మ్‌క్విస్ట్ అనే ఫైనలియర్ కంప్యూటర్ సైన్స్ విద్యార్థి. ఈ 26 ఏళ్లలో ఆ కాలేజీ ఆటగాళ్ల కోసం అడ్మిషన్ల ప్రమాణం తగ్గించలేదు. జట్టును కూడా ఎత్తేయలేదు. మనం ఆరుకే ఎత్తేద్దామంటున్నాం.

ఇంకో సంగతి, కొంచెం ఇబ్బందిగా ఉంటుంది కానీ అనేస్తా. గత రెండేళ్లలో మన కాలేజీ జట్లు ఎన్ని హ్యాకథాన్లకు పోయాయి, ఎన్నింట్లో ప్రైజు తెచ్చాయి? నేనూ ఒకదానికి పోయా, రెండు రాత్రులు నిద్ర లేకుండా కూర్చుని సర్టిఫికెట్ ఆఫ్ పార్టిసిపేషన్ పట్టుకుని వచ్చా. తిరిగొచ్చాక నన్నెవరూ "ఓడేదానికి టీషర్టు ఎందుకప్పా" అనలేదు. "ఎక్స్‌పోజర్ వచ్చింది కదా" అన్నారు. ఆ మాట కబడ్డీకి ఎందుకు వర్తించదో నాకు ఎవరైనా చెప్తే వింటాను. మ్యాట్ మీద కాలు అతుక్కోవడం కూడా ఎక్స్‌పోజరే, నమ్మకపోతే మా మోకాళ్లు చూడండి.

అలాగని "మనసులు గెలిచాం" లాంటి మాటలు మాకొద్దు. ఆరో మ్యాచ్ తర్వాత ఎవరో ఆ మాట అంటే మా కెప్టెన్ లేచి వెళ్లి ట్యాంకు దగ్గర మొహం కడుక్కుని చాలాసేపు రాలేదు. మేం గెలవాలనే పోయాం. ఓడి వచ్చాం. బాధ పడే హక్కు కూడా మాకుంది, దాన్ని పొగడ్తతో తుడిచేయకండి.

ఈ జట్టు పోతే పోయేది పన్నెండు మంది ఆట ఒక్కటే కాదు. అమ్మాయిల జట్టు పెట్టమని రెండేళ్లుగా అడుగుతున్న జూనియర్లు ఉన్నారు. అబ్బాయిల జట్టే లేని కాలేజీలో వాళ్ల అర్జీ ఏ డ్రాయరులోకి పోతుందో ఊహించుకోవచ్చు. ఒకసారి ఎత్తేసిన జట్టును మళ్లీ మొదలుపెట్టడం, తెగిపోయిన పడుగును పోగు పోగూ అతుక్కుంటూ రావడం లాంటిది. ఆ పని మా ఇంట్లో ఎంతసేపు పడుతుందో చిన్నప్పటి నుంచి చూస్తున్నా.

అందుకే కమిటీని అడిగేది పెద్దగా ఏం లేదు. మంగళ, గురు, శనివారాల్లో 6:15కి ఒక్క బస్సు. అన్ని రూట్లూ అక్కర్లేదు, పెనుకొండ దాకా ఒక్కటి నడిపితే చాలు, అది సోమందేపల్లి మీదుగానే పోతుంది. ధర్మవరం వాడు పెనుకొండలో దిగి వేరే బస్సు పట్టుకుంటాడు. మిగతా ఇద్దరు ముగ్గురు హిందూపురం నుంచి పోతారు, వాళ్లను అడిగే రాస్తున్నా. ఆ బస్సులో లైబ్రరీలో కూర్చునేవాళ్లు, ప్రాజెక్టు పని ఉన్నవాళ్లు కూడా ఎక్కొచ్చు. ఖాళీగా పోదు. రెండోది, మ్యాచ్‌లకు ముందు ఒక రెండు వారాలైనా ఎక్కడో ఒకచోట మ్యాట్ మీద ప్రాక్టీసు. మూడోది షూలు, ఇంకో రెండు జతలు. టెక్ ఫెస్ట్ స్టేజీ మీద పొగ వదిలే మిషను అద్దె ఎంతో నాకు తెలుసు, పోయినేడాది ఆ బిల్లు తెచ్చింది నేనే. పోల్చి చూసుకోవచ్చు.

ఇవన్నీ ఇస్తే వచ్చే ఏడాది గెలుస్తారా అని అడుగుతారు. మాట ఇవ్వలేను. కెంట్ స్టేట్ వాళ్లు 2025 ఆగస్టు 30న మెరిమాక్ అనే జట్టు మీద 21-17తో గెలిచేసరికి వరసగా 21 ఓడి ఉన్నారు. ఆ రాత్రి అన్న వీడియో కాల్ చేసి, గెలిచారని చెప్పడానికి ముందే అరిచాడు. అవ్వ ఉలిక్కిపడి లేచింది. "ఈ తూరి మనోళ్లు ఆడినారా?" అంది.

గురువారం లంచ్‌లో లైబ్రరీ మెట్ల దగ్గర, పీడీ సార్ ద్వారా కమిటీకి ఇవ్వాల్సిన లెటరు పట్టుకుని ఉంటాను. సంతకం పెట్టడానికి కబడ్డీ రావాల్సిన పని లేదు. ఎమోజీలు పెట్టిన నలభై మందికీ పెన్ను నేనే ఇస్తా. ఇంకో మాట, మా లెఫ్ట్ కార్నర్ ఫైనలియర్, ఈ ఏప్రిల్‌తో వెళ్లిపోతున్నాడు. ఆ ప్లేసు ఖాళీ. వచ్చేవాళ్లు షూ సైజు కూడా చెప్పండి, మిగిలిన జత ఎనిమిదో నంబరు.